చావు లేని దీవిలో తొమ్మిదో తేదీ

"కదలకండి బామ్మగారూ," అంటాడు మళ్ళీ. నేనెక్కడ కదిలాను, ముక్కు మీద ఈగ వాలితే తోలుకున్నాను, అదీ కదలడమే అయితే ఓ రాయికి బట్టలు తొడిగి ఈ స్టూలు మీద కూర్చోబెట్టుకోవలసింది, రాయైతే ఎంతసేపైనా కూర్చుంటుంది. బామ్మగారట. నాకు మనవలు లేరు, ఉన్నా వీడు కాడు. ఇనామురా అని పేరు, టోక్యో నుంచి వచ్చాడు, నాలుగు రోజులుగా మా హఫురి దీవినీ గుడినీ సినిమా తీస్తున్నాడు. కట్టుకథ కాదు బామ్మగారూ, ఉన్నది ఉన్నట్టు చూపించే సినిమా, అని మొదటిరోజే చెప్పాడు. ఆ ఉన్నది ఉన్నట్టు చూపించేవాడు పొద్దున్నే వచ్చి నా కాళ్ళకున్న రబ్బరు బూట్లు విప్పించాడు, చేతి గడియారం తీయించాడు, మా అత్తగారు కూడా కట్టి ఉండని నీలిరంగు నేత బట్టలు ఎవరింట్లోంచో తెచ్చి తొడిగించాడు. గుడి మెట్ల పక్కన కూల్‌డ్రింకుల యంత్రం ఉంటే దాని మీద గడ్డిచాప కప్పించాడు. నేను ఉడికించి ఎండబెట్టే చిన్నచేపల బుట్టలు ప్లాస్టిక్‌వి కాబట్టి కంటికి బాగుండవట, వాటినీ పక్కకి లాగించాడు. నలభై ఏళ్ళు ఆ చేపల ఆవిరి పీల్చి బతికినదాన్ని, నన్ను చూపిస్తాడట, నా చేపల్ని చూపించడట.

నీళ్ళ కోసం ఆగాం. సముద్రంలో నిలబెట్టిన ఎర్ర తోరణం, మా గుడి తోరీ, ఇప్పుడు బురదలో నిలబడి ఉంది, కాళ్ళకి గుల్లలు పట్టి, పచ్చగా పాచి పట్టి. ఆ కాళ్ళు వీడికి పనికిరావు. పోటు వచ్చి అవి మునగాలి, తోరీ నీళ్ళ మీద తేలుతున్నట్టు కనిపించాలి, అప్పుడు వీడు నన్ను ప్రశ్న అడగాలి, నేను సముద్రం వైపు చూస్తూ జవాబు చెప్పాలి. ఇంకో గంటట. జవాబు నిన్ననే చెప్పి పెట్టాడు. మీ మాటల్లోనే చెప్పండి బామ్మగారూ అంటూ చీటీ మీద రాసిచ్చాడు: మా దీవిలో ఎవరూ చావరు, ఇది దేవుడి ఒళ్ళో ఉన్న నేల. నా మాటలు వీడు రాసివ్వడమేమిటి! అక్కడితో ఆగాడా, గొంతు తగ్గించి, మీ ఆయన గుర్తొచ్చి కన్నీళ్ళొస్తే రానివ్వండి, ఆపుకోకండి, అన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆపుకోకండట. ఆరేళ్ళ కిందట ఈ ఊరు ఊరంతా ఒక్కటై ఏ కన్నీళ్ళని ఆపించిందో ఆ కన్నీళ్ళని ఇప్పుడు పోటు వేళకి, వెలుగు బాగున్నప్పుడు, తెచ్చి పెట్టాలట.

"ఏమన్నా అన్నారా?" అంటున్నాడు, చెవులకి పెట్టుకున్నది సర్దుకుంటూ. మెడ దగ్గర మైకు గుచ్చారు కదా, మర్చేపోయాను, పళ్ళు నూరినా వీడికి వినిపిస్తుంది. ఏం లేదన్నాను. వినబడితే వినబడనీ. వీడి వెనకాల తెల్ల బట్టల్లో ఉరబె పూజారి గారు నిలబడ్డారు, చేతులు వెనక్కి కట్టుకుని, నేను తప్పు చదువుతానేమో అని చూసే పంతులులా. ఆయన పక్కన మా మరిది కన్‌జీ, కొత్త కోటు వేసుకుని. ఎనిమిది రోజుల్లో జాతర, దేవుడి పల్లకీ ఎక్కే పడవకి ఈ ఏడు కన్‌జీ పడవే దారి చూపాలి, అందుకని ఇప్పటినుంచే ఛాతీ విరుచుకుని తిరుగుతున్నాడు. నన్ను ఈ సినిమాకి చెప్పింది పూజారి గారే. పడవ తమేకిచి భార్య కదా, కినుయో గారైతే బాగా చెబుతారు, అన్నారట. నేనూ ఒప్పుకున్నాను. ఎందుకు ఒప్పుకున్నానో నాకూ తెలియదని మొన్నటిదాకా అనుకున్నాను. కాదు, తెలుసు. ఏ రోజు తీస్తారని అడిగితే తొమ్మిదో తేదీ అన్నాడు ఈ ఇనామురా, పదో నెల తొమ్మిది, పోటు ఆ పొద్దున బాగుంటుందని. అప్పుడు తలూపాను.

మా దీవిలో ఎవరూ చావకూడదు, ఎవరూ పుట్టకూడదు. నేల మైలపడుతుంది, గుడి మూతపడుతుంది, జాతర ఆగిపోతుంది. నెలలు నిండిన ఆడది అవతలి ఒడ్డుకి పోయి కనాలి, కాలం తీరినవాడు అవతలి ఒడ్డుకి పోయి చావాలి, సమాధులూ అక్కడే. పుట్టుకకి ముందే చెప్పి వచ్చే మర్యాద ఉంది, నేనూ మా పిల్లని అవతలే కని ఎత్తుకొచ్చాను, దానికి నాకు కోపం లేదు. చావుకి ఆ మర్యాద ఉంటుందా? అన్నం తింటూ పోతారు, వల బాగుచేస్తూ పోతారు. అందుకే మా వాళ్ళు ఒక పద్ధతి పెట్టుకున్నారు, ఏ పుస్తకంలోనూ లేదు, ఎవరూ నేర్పరు, అందరికీ వచ్చు. పోయినవాడు పోలేదు, నలతగా ఉన్నాడు. నలతగా ఉన్నవాణ్ణి పడవ ఎక్కిస్తారు. పడవలో నలభై నిమిషాలూ ఆయన్ని పలకరిస్తూనే ఉండాలి. చలేస్తోందా తాతా, అని అడగాలి. అడిగి, జవాబుకి సరిపడా ఆగాలి. ఆ ఖాళీ వదలకపోతే తప్పు. ఆగాక పక్కనున్నవాడెవడో ఆయన బదులు చెబుతాడు, లేదంటున్నాడు, ఎండ బాగానే ఉందంటున్నాడు, అని. అవతలి గట్టు తగిలాక డాక్టరు చెయ్యి పట్టుకుని చూస్తాడు, అందరం ఇప్పుడే, గట్టు తగులుతుంటేనే, అంటాం, డాక్టరు టైము రాసుకుంటాడు. వెయ్యేళ్ళుగా ఈ నేల మీద ఒక్క చావు లేదు! పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు ఊరు ఊరంతా.

ఆ పడవ మా ఆయనది. ముప్పై ఎనిమిదేళ్ళు ఆయనే నడిపాడు. సారా రెండు గుక్కలు దిగితే గానీ నోరు విప్పేవాడు కాదు, ఓ రోజు విప్పాడు, ఎంతమంది బతికి చేరారని నేనెప్పుడో అడిగిన ప్రశ్నకి. "ఊపిరితో అవతల దిగినవాళ్ళు ఏడుగురేనే," అన్నాడు, "ఆ ఏడుగురూ దారి పొడుగునా ఒక్క ముక్క మాట్లాడలేదు. మిగతావాళ్ళే, అబ్బో, తెగ వాగారు." నవ్వాడు, నేనూ నవ్వాను, ఇద్దరం కడుపు పట్టుకుని నవ్వాం. తరవాత గిన్నె కింద పెట్టి గోడకేసి చూస్తూ కూర్చున్నాడు. ఎంతమంది బదులు ఆయన గొంతు మార్చి చెప్పాడో. మా అత్తగారి బదులు కూడా ఆయనే చెప్పాడు, కన్నతల్లి బదులు, పర్వాలేదురా నాయనా అంటోంది, అని. ఆ రోజు పడవలో నేనూ ఉన్నాను, చూశాను, చెబుతున్నప్పుడు ఆయన మొహం సముద్రంలోకి తిరిగి ఉంది. మర్నాడు చేపల షెడ్డులో ఖాళీ పెట్టెలన్నీ కాలితో తన్ని విరగ్గొట్టాడు. ఎవరు అడిగినా చెద పట్టిందన్నాడు.

నీళ్ళు వస్తున్నాయి. బురద మీద నాలుకలా ఒక్కో పాయ ముందుకి పాకుతోంది, ఎండ్రకాయలు బొరియల్లోకి దూరుతున్నాయి. ఇనామురా వేళ్ళతో చతురస్రం చేసి దాంట్లోంచి నన్ను చూస్తున్నాడు. చూడు నాయనా, బాగా చూడు.

ఆరేళ్ళ కిందట ఇదే తొమ్మిదిన మధ్యాహ్నం గాలి మళ్ళింది. తుపాను దక్షిణం నుంచి వస్తోంది, మూడింటికి బయల్దేరేదే ఆఖరి పడవ, ఆ తరవాత రెండు రోజులు సముద్రం మీద ఎవరూ ఉండరు. ఆయన అప్పటికి నెల రోజులుగా మంచం పట్టి ఉన్నాడు, కాలేయం. కన్‌జీ వాకిట్లోకి వచ్చి, "వదినా, అన్నయ్యని ఎక్కించేద్దాం, ఆలస్యం చేస్తే మన చేతుల్లో ఉండదు," అన్నాడు. లోపలికెళ్ళాను బట్టలు సర్దడానికి. ఆయన నా మణికట్టు పట్టుకున్నాడు, ఆ చేతిలో అంత బలం ఎక్కడ మిగిలిందో. "నన్ను ఎక్కించొద్దు. ఈ పైకప్పు కిందే పోతాను. ముప్పై ఎనిమిదేళ్ళు అందర్నీ దాటించాను, నేను దాటను," అన్నాడు. గుడి సంగతేమిటో, ఊరు ఏమంటుందోనని నేను నసిగాను. "దేవుడికి నేను చెప్పుకుంటాలే, నువ్వు కన్‌జీకి చెప్పు," అన్నాడు. బయటికొచ్చి కన్‌జీతో ఇవాళ మెరుగ్గా ఉంది, గంజి తాగాడు, తుపాను పోయాక చూద్దాం అన్నాను. అబద్ధం. నా జన్మలో ఆయన కోసం ఆడిన ఒకే ఒక్క అబద్ధం. సాయంత్రం దీపం పెట్టే వేళకి వాన మొదలైంది, చూరు నీళ్ళ చప్పుడు వింటూ, నా చెయ్యి వదలకుండా, ఆయన పోయాడు. తన ఇంట్లో. ఈ దీవిలో కావాలని అలా పోయినవాడు మా ఆయనొక్కడే. అది ఆయన సంపాదించుకున్నది. అదే దోచుకున్నారు.

నేను గొంతెత్తి ఏడుద్దామని నోరు తెరిచేలోపే కన్‌జీ వచ్చాడు, తలుపు వెయ్యడానికి, తుపాను చెక్కలు బిగించడానికి. చూశాడు. వాడి అన్నే, వాడికి ఏడుపు రాలేదా, వచ్చింది. కానీ నా నోటి మీద చెయ్యి పెట్టాడు. "వదినా, అన్నయ్యకి నలతగా ఉంది. అంతే. విన్నావా? నలతగా ఉంది." చేపల షెడ్డు నుంచి మంచుగడ్డలు తెచ్చాడు, జ్వరానికని. పక్కింటి ఆడవాళ్ళు వానలో గొడుగులు పట్టుకుని గంజి తెచ్చారు, ఉప్పులో ఊరేసిన రేగుపండు వేసి. రోగి తాగాడో లేదో గిన్నె ఖాళీగా తిరిగి వెళ్ళాలి, నిండుగా పోతే మాట పోతుంది. ఎవరు తాగాలి? నేను తాగాను. రెండు రోజులు, పూట పూటకీ, తన వంతు గంజి తను తాగలేని మనిషి పక్కన కూర్చుని ఆయన వంతు నేను తాగాను, మింగలేక కక్కలేక. గిన్నె తీసుకెళ్ళడానికి వచ్చినావిడ, "బాగా తాగుతున్నారే, దేవుడి దయ," అంది. ఆయన నోరు తెరుచుకుని ఉంది, గడ్డం కింద గుడ్డ కట్టకూడదు, కడితే పోయినట్టు లెక్క. గురక పెడుతున్నారా అని ఎవరో గుమ్మంలోంచి అడిగితే నేనే, ఈ నోటితోనే, అవునన్నాను. పూజారి గారు వాకిట దాకా వచ్చారు, గడప దాటకుండా గొడుగు కింద నిలబడి, "తమేకిచికి ఎలా ఉంది?" అన్నారు. ఆయనకి తెలుసు. గడప దాటకపోవడంలోనే తెలుసు.

పదకొండో తేదీ పొద్దున సముద్రం తెరిపిచ్చింది. చేపల రేవు నుంచి, తోరీ కంటబడకుండా దీవి వెనక నుంచి తిప్పుతారు ఆ పడవని. ఆయన పడవే, కన్‌జీ నడిపాడు. చలేస్తోందా అని అడిగాను, ఆగాను, చలిగా లేదంటున్నాడు అన్నాడు కన్‌జీ. దాహమా అని అడిగాను, ఆగాను, ఇందాకే తాగానంటున్నాడు అన్నాడు. కొండ కొమ్ము దాటాక తోరీ కొస ఒక్కటి దూరంగా కనబడుతుంది, అక్కడికి రాగానే మా ఆయన ఎప్పుడూ టోపీ తీసేవాడు, కన్‌జీ ఒక చేత్తో చుక్కాని పట్టుకుని ఇంకో చేత్తో అన్న టోపీ తీశాడు. అప్పుడు నాకు ఏమైందో, అడగకూడనిది అడిగేశాను. ఎక్కించొద్దన్నావు, ఎక్కించాను, నా మీద కోపమా, అన్నాను. నిజంగా అడిగాను, పద్ధతి కోసం కాదు. ఆగాను. ఇంజను చప్పుడు. గాలి. ఆ ఖాళీలో ఆయన ఏదైనా చెబుతాడని నిజంగా అనుకున్నాను, ఆయన చెప్పకపోయినా ఆ మౌనమైనా నాది, నాకు వదిలేస్తారని అనుకున్నాను. "లేదంటున్నాడు వదినా," అన్నాడు కన్‌జీ. "ఎందుకు కోపం, పిచ్చిదానా, అంటున్నాడు."

వాడెవడు నన్ను క్షమించడానికి? ఏ నోటితో క్షమించాడు? మా ఆయన నన్నెప్పుడూ పిచ్చిదానా అనలేదు. కోపమొస్తే మాట్లాడేవాడే కాదు. ఆరేళ్ళు, రోజూ, చేపలు ఉడికిస్తూ, ఎండబెడుతూ, తిరగేస్తూ, ఆ మాట నా చెవిలో కన్‌జీ గొంతుతోనే వినబడుతోంది, మా ఆయన గొంతు ఎలా ఉండేదో మర్చిపోతున్నాను. డాక్టరు పదకొండు అని రాశాడు. అవతలి ఒడ్డున బౌద్ధ సన్యాసి ఏటా పదకొండునే మంత్రాలు చదువుతాడు, సమాధి రాతి మీద పదకొండు చెక్కారు. మైల తీరేదాకా యాభై రోజులు అవతలే, నూడుల్స్ కొట్టు మీద అద్దె గదిలో ఉన్నాను. అక్కడ ఏడవొచ్చు, ఎవరూ వద్దనరు, కానీ రాలేదు. నా ఏడుపు మా ఇంట్లో, ఆ గదిలో, చూరు కింద ఉండిపోయింది. తిరిగొచ్చేసరికి అంతా కడిగి, ఉప్పు చల్లి, కొత్త చాపలు పరిచి పెట్టారు. నిరుడు సిగ్గు విడిచి పూజారి గారిని అడిగాను, రాతి మీద తారీఖు మార్పించనివ్వండి, ఇంకేం వద్దు. "రెండు రోజుల్లో ఏముంది కినుయో గారూ," అన్నారు, మెత్తగా, పసిదానికి చెప్పినట్టు, "వెయ్యేళ్ళ మాట ఇది." రెండు రోజుల్లో ఏముందా! ఆ రెండు రోజులూ ఆయనవి. దేవుడికే కోపం వస్తే అప్పుడే రావాలి కదా, చావు రెండు రోజులు ఆ దేవుడి నేల మీదే పడుకుని ఉంది. నేను ఎదురుచూశాను, భయంతో కాదు, ఆశగా, రానీ, కోపం రానీ, ఎవరో ఒకరు నిజం ఒప్పుకోనీ అని. ఆ ఏడు చేపలు ఎన్నడూ లేనంత పడ్డాయి.

"వచ్చేసింది, వచ్చేసింది," అంటున్నాడు ఇనామురా. నీళ్ళు తోరీ కాళ్ళ మీదికి ఎక్కాయి, గుల్లలు మునిగాయి, పాచి మునిగింది, ఎరుపు ఒక్కటే మిగిలింది. ఎండ దాని మీద పడింది. అందంగానే ఉంది, ఎందుకు కాదనాలి, పుట్టినప్పటినుంచి చూస్తున్నాను, ఈ వేళకి ఎప్పుడూ అందంగానే ఉంటుంది, దానిదేం తప్పు. కన్‌జీ కోటు కిందకి లాక్కున్నాడు. పూజారి గారు కొంచెం తల వంచారు, మొదలుపెట్టమన్నట్టు.

"కినుయో గారూ," అన్నాడు ఇనామురా, కెమెరా కోసం పేరు పెట్టి. "ఈ దీవిలో ఎవరూ చనిపోరట. నిజమేనా?"

సముద్రం వైపు చూడమన్నాడు, చూడలేదు. వాడి కళ్ళలోకి చూశాను.

"మా ఆయన ఇక్కడే చచ్చిపోయాడు," అన్నాను. "ఆ పై వీధిలో, మా ఇంట్లో. ఆరేళ్ళ కిందట, ఇవాళ్టి రోజున. దీపం పెట్టే వేళకి. కావాలని ఇక్కడే ఉండిపోయాడు, నేనే ఉండనిచ్చాను. పడవలో పోలేదు, గట్టు మీద పోలేదు, పదకొండున పోలేదు."

ఇనామురా చెవులకున్నది రెండు చేతులతో నొక్కిపట్టుకున్నాడు, సరిగ్గా విన్నాడా లేదా అన్నట్టు. పూజారి గారే ముందుకొచ్చారు. ఆయన మొహంలో కోపం లేదు, అదే నన్ను కాల్చింది, జాలి ఉంది. నా పక్కన వంగి, నెమ్మదిగా, స్పష్టంగా, "కినుయో గారూ, ఎండ తగిలినట్టుంది. లోపలికెళ్ళి కాసేపు పడుకుంటారా?" అన్నారు.

అడిగి, ఆగారు. ఆ ఆగడం నాకు తెలుసు. ఎంతసేపో, ఏ కొలతో తెలుసు, పడవలో నేను ఎన్నిసార్లు ఆగలేదూ. నన్ను కూడా ఎక్కించేశారు.

"పడుకుంటానంటోందండి," అన్నాడు కన్‌జీ. "పొద్దున్నుంచీ నలతగానే ఉంది."

"అనలేదు," అన్నాను.

నేను అరవలేదు, అరిచాననే తరవాత అందరూ చెబుతారు. "నేను అనలేదు కన్‌జీ. నా బదులు నువ్వు చెప్పకు. మీ అన్న బదులు కూడా నువ్వు చెప్పకుండా ఉండాల్సింది. నేనడిగింది నిన్ను కాదు."

అరవై ఆరేళ్ళవాడు, కొత్త కోటులో, చిన్నప్పుడు అన్న చేతిలో దెబ్బలు తిన్నప్పుడు నిలబడేవాడట, అలా నిలబడ్డాడు. పూజారి గారు వాడి వంక చూశారు, ఇంకో మాట కోసం. వాడు ఇవ్వలేదు. నీళ్ళు గట్టుకి తగులుతున్న చప్పుడు తప్ప ఆ ఖాళీలో ఏమీ లేదు, ఎవరూ ఎవరి బదులూ చెప్పలేదు.

జాతర ఆగుతుంది. గుడికి తాళం పడుతుంది, నన్ను అవతలి ఒడ్డుకి పొమ్మంటారు, నా చేపలు ఎవరూ కొనరు, అన్నీ తెలుసు, తెలిసే చెప్పాను. ఇనామురా కెమెరా ఆపకుండానే, "మళ్ళీ ఒక్కసారి, బామ్మగారూ, మీ ఆయన గురించి... ఇప్పుడు ఏడవాలనిపిస్తే..." అన్నాడు. కళ్ళల్లో నిజంగానే నీళ్ళు వచ్చేస్తున్నాయి, ఆరేళ్ళ నీళ్ళు. పంటి కింద పెదవి పెట్టి బిగబట్టాను. వీడికి కాదు. వీడి తోరీకి కాదు. మెడ దగ్గర మైకు పీకి వాడి అరచేతిలో పెట్టాను, గడ్డిచాప కప్పిన యంత్రం వెనక నా రబ్బరు బూట్లు వెతికి తొడుక్కున్నాను. ఇవాళ తొమ్మిదో తేదీ, నేను ఇంటికి పోయి ఏడవాలి.